అల్లుడుగారి పథ్యం

ఉద్యోగం చేస్తున్నంతకాలం మనం ఏం పని చేస్తున్నామో ఎవరూ అడగరు. మానేశాక అందరూ అడుగుతారు. నేను గజపతినగరం దగ్గర ఒక ఫంక్షన్ హాల్లో మేనేజరుగా కొన్నేళ్లు చేసి మానేశాను. ఎందుకు మానేశానన్నది వేరే సంగతి. అందులో తాబేలు లేదు కాబట్టి ఇక్కడ చెప్పను. నాకింకా ముప్పై దాటలేదు గనక దీన్ని పదవీ విరమణ అనడానికి మా ఇంట్లో ఒప్పుకోవడం లేదు. "ఖాళీగా తిరగడం" అంటున్నారు. రెండింటిలోనూ పొద్దున్న ఆలస్యంగానే లేస్తారు కాబట్టి నేను వాదించలేదు.

కొత్తగా ఉద్యోగాల్లో చేరబోయే తమ్ముళ్లూ చెల్లెళ్లూ అనుభవం ఉన్నవాళ్లను వెతుక్కుంటూ వెళితే, ఒకాయన తుఫానులో కరెంటు స్తంభం ఎక్కిన కథ చెబుతాడు. ఇంకొకాయన ఎన్నికల డ్యూటీలో ఏరు దాటిన కథ చెబుతాడు. నా దగ్గర ఉన్నది ఒక తాబేలు చేత గడ్డి తినిపించిన కథ. అంతకన్నా పెద్దది లేదు. ఉన్నదాంతో సర్దుకోండి.

మా ఓనరుది కిరాణా హోల్‌సేలు కుటుంబం. రాయగడ వెళ్లే రోడ్డు పక్కన స్థలం ఉంటే హాలు కట్టాడు. మొదటి ఏడాది అందులో పెళ్లి చేసుకున్నది పావురాలు మాత్రమే. విజయనగరం నుంచి వాస్తు చూసే ఆయన వచ్చి, ఉత్తరం దిక్కున ఇత్తడి తాబేలు పెట్టమన్నాడు. పెట్టాడు. రెండు బుకింగులు వచ్చాయి. ఇత్తడిదే ఇంత తెస్తే ప్రాణమున్నది ఎంత తేవాలి అని ఓనరు లెక్క వేశాడు. వ్యాపారస్తుడి లెక్క, కాదనలేం.

మన పొలాల గట్ల మీద తిరిగే నక్షత్ర తాబేలును ఇంట్లో పెంచడం నేరం. అటవీ శాఖవాళ్లు వస్తే తాబేలును వదిలిపెట్టి మనల్ని పట్టుకెళతారు. ఈ ముక్క ఓనరుకు సమయానికి ఎవరో చెప్పారు, వాళ్లు చల్లగా ఉండాలి. అంచేత కాగితాలన్నీ సక్రమంగా ఉన్న ఒక ఆఫ్రికా తాబేలును తెప్పించాడు. చిన్నదేం కాదు. అరబస్తా బియ్యాన్ని బోర్లిస్తే ఎంత ఉంటుందో అంత ఉంటుంది. ఎత్తాలంటే ఇద్దరు కావాలి. హాలుకు ఉత్తరాన దానికో దొడ్డి, చుట్టూ నడుం ఎత్తు కంచె, మూలన రేకుల కొట్టం కట్టించాడు.

ఆ ఏడాది హాలు నిండిపోయింది. ఆ ఏడాది ముహూర్తాలు ఎక్కువని పంచాంగం చూసిన ఎవరికైనా తెలుసు. ఓనరుకు మాత్రం తాబేలే కనిపించింది. నేనూ దిద్దలేదు.

"ఇదిగో, అది బాగుంటే నువ్వు బాగుంటావు" అన్నాడు నన్ను దొడ్డి దగ్గరికి తీసుకెళ్లి. "దానికేటైనా అయితే..." అని ఆగి, గేటు వైపు చూశాడు. మిగతా వాక్యం గేటు పూర్తి చేసింది.

అలా నేను కాగితం మీద ఫంక్షన్ హాలు మేనేజరును, పనిలో తాబేలు కాపరిని అయ్యాను.

దానికి పేరు పెట్టింది మా వంట మేస్త్రి. పెద్ద మీసాలు, పెద్ద గరిటె, చిన్న ఓపిక ఉన్న మనిషి. మొదటిరోజే చేతులు నడుం మీద పెట్టుకుని కాసేపు చూసి తేల్చేశాడు.

"పనీ పాటా నేదు. బుద్ది పుడితే కదుల్తాది, నేకపోతే నేదు. వేళకి ముందల పెట్టాల. తినీసి మొకం లోపలికెట్టీసుకుంటాది. ఇది అల్లుడు కాక మరేటి?"

ఆ రోజు నుంచి అది అల్లుడు. ఓనరు దగ్గర మాత్రం అల్లుడుగారు.

ఇక్కడే మొదలైంది అసలు తంటా. మా వైపు పెళ్లి భోజనాల్లో "చాలు" అన్న మాటకు "ఇంకొకటి వెయ్యండి" అని అర్థం. విస్తరి మీద రెండు చేతులూ అడ్డం పెట్టినా ఆ వేళ్ల సందుల్లోంచి బూరె జారవిడిచే నేర్పరులు ఉన్నారు. మామూలు మనిషికే ఇంత మర్యాద ఉంటే, అల్లుడని పేరున్న ప్రాణికి ఎంత ఉండాలి? భోజనాలయ్యాక ప్రతి ఒక్కరూ చేతిలో ఒక లడ్డూ పట్టుకుని ఉత్తరం వైపు బయల్దేరేవారు. ఆడపెళ్లివారు ఒకటి పెడితే మగపెళ్లివారు రెండు పెట్టేవారు. అది చూసి ఆడపెళ్లివారు బూరెలతో తిరిగొచ్చేవారు. పులిహోర, చక్కెర పొంగలి, నెయ్యి కారుతున్న పప్పన్నం. ఒకాయన తాంబూలం కూడా పెట్టబోయాడు.

"అంత బరువైన భోజనం సేసేక నవలడానికి వొక్క పాన్ పడకపోతే ఎలగ?" అని నన్నే తిట్టాడు.

అల్లుడు దేన్నీ కాదనలేదు. అడ్డాకు విస్తరిలో పెడితే విస్తరితో సహా తినేవాడు. ఆ భోజనం మొత్తంలో దాని ఒంటికి పడేది ఆ ఆకు ఒక్కటేనని తరువాత తెలిసింది. అదీ కుట్టిన పుల్లలు తీసేస్తే.

వానలు వెనకబట్టాక అల్లుడి వ్యవహారం తేడాగా కనిపించింది. ముందు వాసన వచ్చింది. దొడ్డి ఊడ్చే ఆమె, మా వైపు అక్కను పిలిచినట్టు అందరం అప్ప అనేవాళ్లం, ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకుని, "బాబూ, అల్లుడికి కడుపు జారిపోతన్నాది" అని చెప్పింది. తరువాత ఎండలోకి రావడం మానేశాడు. ఆ తరువాత వెనక కాళ్లు ఈడ్చాడు. పచ్చగడ్డి వేస్తే దాని మీద నడిచి వెళ్లిపోయేవాడు, మనం తివాచీ మీద నడిచినట్టు.

ఓనరు డాక్టరు కంటే ముందు దిష్టి తీయించాడు. బూడిదగుమ్మడికాయ పగలగొట్టారు. అల్లుడు అందులో ఒక ముక్క కుంకంతో సహా తినేశాడు. దిష్టి ఎవరికి తగిలిందో తెలియలేదు.

అప్పుడు విజయనగరం నుంచి పశువుల డాక్టరమ్మను పిలిపించాం. నెమ్మదైన మనిషి. నెమ్మదిగా మాట్లాడేవాళ్లు తిడితే ఎక్కువసేపు ఉంటుంది.

"రోజూ ఏం పెడుతున్నారు?"

"గడ్డే మేడమ్" అన్నాడు ఓనరు, హాలు మీద ఒట్టేసినంత గట్టిగా.

ఆమె ఒక పుల్లతో కింద కదిపి చూసింది. "గడ్డి తిన్న తాబేలు పేడలోకి బూందీ ఎలా వచ్చింది?"

ఓనరు నన్ను చూశాడు. నేను మేస్త్రిని చూశాను. మేస్త్రి గర్వంగా నిలబడ్డాడు. ఆ బూందీ తన చేతిదే మరి.

"మరి బలం మేడమ్" అన్నాడు ఓనరు. "సూడండి, డిప్ప మీద గళ్లన్నీ లడ్డూల్లాగ ఎలా పొంగాయో!"

"అది బలం కాదు. తిండీ తేమా తప్పితే డిప్ప అలా గుట్టలుగా పెరుగుతుంది. ఇప్పుడవి దిగవు. కొత్తవి లేవకుండా చూసుకోవడమే" అంది. తరువాత మా ముగ్గుర్నీ వరసగా నిలబెట్టి, చిన్న క్లాసు పిల్లలకు చెప్పినట్టు చెప్పింది. ఇది గడ్డి తినడానికే పుట్టిన జీవం. దీని పేగుల్లో గడ్డిని పులియబెట్టే సూక్ష్మజీవులుంటాయి. వాటి మీద పాకం పోస్తే వాటి సంసారం చెడిపోతుంది. అందుకని అన్నం, పప్పు, పెరుగు, నెయ్యి, మిఠాయి ఏవీ వద్దు.

"అరటిపండు?" అన్నాడు ఓనరు ఆశగా.

"పండ్లూ వద్దు."

"సీతాఫలం? మన తోటదే మేడమ్."

"మీ తోట దానికి తెలియదు."

పెట్టవలసింది గరిక, పచ్చగడ్డి, ఎండబెట్టిన గడ్డి. వాటితోపాటు మందార ఆకులు, పూలు, పట్టుపురుగులు తినే కంబళి చెట్టు ఆకులు, ముళ్లు తీసిన నాగజెముడు రెమ్మలు. పురుగుమందు కొట్టిన పొలం గట్టు మీద కోసిన గడ్డి మాత్రం వద్దు. ఎముక గట్టిపడటానికి సముద్రం ఒడ్డుకు అలలు తెచ్చి పడేసే తెల్లటి తేలికపాటి ఎముక, సముద్రపు నురుగు అంటారే, గోరుతో గీస్తే పొడి రాలేది, ఒకటి దొడ్డిలో పడేస్తే అదే కొరుక్కుంటుంది. పొద్దుటి ఎండ కావాలి. లోతు లేని పళ్లెంలో నీళ్లు కావాలి. ఇవన్నీ చెప్పి, కంచె పక్కన వరసగా పూసిన గన్నేరు చెట్ల దగ్గర ఆగింది.

"ఇవి పీకించండి. విషం."

"డెకరేషను మేడమ్ అది."

"దానికదే ఆఖరి డెకరేషను అవుతుంది."

వెళుతూ వెళుతూ, "ఇలాగే సాగితే ఇది వచ్చే సీజను పెళ్లిళ్లు చూడదు" అంది. ఓనరు మళ్లీ గేటు వైపు చూశాడు. ఆ పెళ్లిళ్లు నేను కూడా చూడనని నాకు అర్థమైంది.

గన్నేర్లు ఆ సాయంత్రమే పీకించాం. అది తేలిక. చెట్లకు చుట్టాలుండరు.

అల్లుడు మాత్రం నిరాహార దీక్షకు కూర్చున్నాడు. గరిక కడిగి పెడితే వాసన చూసి మొహం లోపలికి లాక్కునేవాడు. డాక్టరమ్మకు ఫోను చేస్తే, "నీళ్లు తాగుతోందా? అయితే భయం లేదు. నోరు తీపి మరిగింది. గడ్డి సన్నగా తరిగి, తడిపి, మందార పూలరేకులు కలిపి పెట్టండి. పంతం మీరు వదలకండి" అంది. తరిగే పని మేస్త్రికి అప్పజెప్పాను. ఆయన కత్తిపీట ముందు కూర్చుని కళ్లనీళ్లు పెట్టుకున్నాడు. ఉల్లిపాయలకు కూడా ఆయన అంత ఏడవలేదు.

"ఇన్ని పెళ్లిళ్లకి వొండినోన్ని. మన హాల్లో అల్లుడికి గడ్డెట్టేరంటే నా పేరేటవుద్దీ?"

"వంటింటి సంగతి లోపలే ఉంటుంది మావా, బయటికి రాదు."

"బూందీ పేడలో వొచ్చింది గదరా, అందరికీ తెలిసీలేదేటి?"

ఇంకొక గరిక కట్ట ఆయన ముందు పెట్టాను.

రెండు మూడు రోజులకు మందార రేకులు తిన్నాడు. తరువాత రేకులకు అంటుకున్న గడ్డి తిన్నాడు. ఊడ్చే అప్ప పొద్దున్నే వచ్చి నాకు రిపోర్టు ఇచ్చేది: "ఈ పూట బూందీ నేదు బాబూ." ఆ మాటతో నా రోజు మొదలయ్యేది. ఉద్యోగంలో తృప్తి ఎక్కడినుంచి వస్తుందో ముందుగా చెప్పలేం తమ్ముళ్లూ.

అప్ప ఎప్పుడూ దానికేమీ పెట్టేది కాదు. ఒకసారి అడిగితే, "అల్లుడికి పెట్టీవోలు శానామంది ఉన్నారు బాబూ. నాను ఊడ్సీదాన్నే గదా" అని చీపురు తీసుకుని వెళ్లిపోయింది.

ఇంతలో మళ్లీ ముహూర్తాలు వచ్చాయి. కంచెకు బోర్డు కట్టించాను: తాబేలుకు తినుబండారాలు పెట్టరాదు. జనం దాన్ని శ్రద్ధగా చదివారు. "తినుబండారాలంటే సిప్సులు, మురుకులు. లడ్డూ ప్రసాదం గదా" అని తేల్చుకుని పెట్టారు. దొడ్డి గేటుకు తాళం వేశాను. కంచె మీద నుంచి విసిరారు. చిన్నప్పుడు క్రికెట్లో ఒక్క వికెట్టు పడగొట్టనివాళ్లు కూడా సరిగ్గా అల్లుడి మూతి ముందు లడ్డూ పడేలా వేశారు. అడ్డం వెళితే నెల్లిమర్ల నుంచి వచ్చిన ఒక పెళ్లికొడుకు తండ్రి భుజం మీది కండువా తీసి దులిపాడు. మా వైపు అది మంచి సూచన కాదు.

"ఏటి బాబూ, మా లడ్డూ తాబేలుక్కూడా పనికిరాదేటి? మా వోలు పెట్టిందే తినకూడదా? సూడండి బావా, ఎలాటి హాలు మాట్లాడేరో! ఇదేటి మర్యాదేటి?"

బావగారు, అంటే పెళ్లికూతురి తండ్రి, ఓనరు దగ్గరికి పరిగెత్తాడు. ఓనరు నా దగ్గరికి నడిచొచ్చాడు.

"బుకింగు పోకూడదు. తాబేలూ పోకూడదు. ఎలగ సేత్తావో నాకు తెల్దు."

నాకూ తెలియదు. భోజనాల వైపు వెళ్లి ఒక మూల నిలబడ్డాను. అప్పుడు కనిపించాడాయన. పంక్తి చివర, కాషాయం పంచె, మెడలో మాల, దీక్షలో ఉన్న స్వామి. పెళ్లికి వచ్చి అక్షింతలేసి వెళ్లిపోతున్నాడు. ఆయన చుట్టూ ఉన్నవాళ్లు, నిమిషం క్రితం వరకూ పక్కవాడి గొంతులో బూరెలు కుక్కుతున్నవాళ్లు, ఒక్కసారిగా చేతులు వెనక్కి తీసుకున్నారు. "స్వామీ, మీరు దీక్షలో ఉన్నారు, మేం మీ ఎదర తింటన్నాం, ఏటీ అనుకోకండి" అని క్షమాపణలు చెబుతున్నారు. ఒక్కరు, ఒక్కరంటే ఒక్కరు, "ఒక్క లడ్డూయే గదా" అనలేదు.

మర్నాడు పొద్దున దొడ్డి గేటుకు కాషాయం గుడ్డ కట్టి, గుంజకు ఒక మాల వేలాడదీశాను. బోర్డు మార్పించాను: స్వామి దీక్షలో ఉన్నారు. ఆకులు మాత్రమే స్వీకరిస్తారు.

దేవుడితో ఆటలాడానని మీలో కొందరు అనుకోవచ్చు. నిజానిజాలు చూడండి. కటిక నేల మీద పడుకుంటాడు. చన్నీళ్ల స్నానం. చెప్పులు లేకుండా తిరుగుతాడు. బ్రహ్మచర్యం. ఎవరినీ పల్లెత్తు మాట అనడు. ఆ నియమాలు అంత నిష్ఠగా పాటించే స్వామిని నేను మా బంధువుల్లో ఇంతవరకూ చూడలేదు.

ఫలితం ఆ ఆదివారం పెళ్లిలోనే కనిపించింది. లడ్డూలతో వచ్చినవాళ్లు బోర్డు చూసి ఆగారు. లడ్డూలు వీపు వెనక్కి వెళ్లాయి. ఒక ముసలమ్మ దండం పెట్టింది. ఇద్దరు కుర్రాళ్లు రీలు తీస్తూ చెప్పులు విప్పారు. ఓనరు కూడా దొడ్డి దగ్గర చెప్పులు విప్పడం మొదలుపెట్టాడు; ఇది నా ఏర్పాటని తెలిసి కూడా. అందరికన్నా మారిపోయింది మేస్త్రి. గడ్డి అంటే ఏడ్చిన మనిషి, "స్వామి బిచ్చ" అనేసరికి తలకు గుడ్డ చుట్టుకున్నాడు. పుల్లలు తీసేసిన అడ్డాకు మీద గరిక ఒక వైపు, కంబళి ఆకులు ఒక వైపు, నాగజెముడు ముక్కలు మధ్యలో, పైన మందార పువ్వు. పెళ్లికొడుక్కి కూడా అంత అందంగా వడ్డించలేదు.

కార్తీకం, మార్గశిరం సాఫీగా నడిచాయి. పేడ గట్టిపడింది. అప్ప ముక్కు మీద నుంచి కొంగు దిగింది. అల్లుడు, కాదు స్వామి, పొద్దున్నే ఎండలోకి వచ్చి కాళ్లు చాపుకునేవాడు. వెనక కాళ్లు ఎత్తి నడుస్తున్నాడు. నేను నా తెలివికి నేనే ముచ్చటపడ్డాను. తమ్ముళ్లూ, ఉద్యోగంలో మన తెలివికి మనం ముచ్చటపడిన రోజు రాసి పెట్టుకోండి. ఆ తరువాత ఏదో ఒకటి అవుతుంది.

మాఘమాసంలో అయింది. శ్రీకాకుళం వైపు నుంచి వచ్చిన పెద్ద పెళ్లి. పెళ్లికూతురి మేనమామ గురుస్వామి. ఎందరికో మాలలు వేసిన మనిషి, గొంతు మైకు అక్కర్లేనిది. తాళి కట్టడం అయ్యాక దొడ్డి దగ్గరికి వచ్చి, బోర్డు చదివి, నన్ను పిలిచాడు.

"ఏటి బాబూ, ఈ స్వామి మాలెప్పుడేసుకున్నారు?"

"కార్తీకంలో అండీ."

"ఇప్పుడు ఏ మాసం?"

"మాఘం అండీ."

"మండలం ఎప్పుడో ఎల్లిపోయింది గదయ్యా! మాల తియ్యకుండా ఇన్నాళ్లు ఉంచీసేరేటి? విరమణ సేయించీవోడే నేడా మీ ఊల్లో? అయ్యో, నోరు నేని జీవం. రండి రండి, నాను సేయిస్తాను. తీపితోటి విరమించాల."

నేను ఏదో అనబోయాను. గొంతు మైకు అక్కర్లేనిదని చెప్పాను కదా, అయినా ఆయన మైకు తీసుకున్నాడు. తాబేలు స్వామివారి దీక్షా విరమణ జరగబోతోందని, బంధుమిత్రులందరూ తీపి పదార్థాలతో ఉత్తరం వైపు రావలసిందని హాలంతా మోగింది. భోజనాల దగ్గరున్నవాళ్లు ఎంగిలి చేతులు కడుక్కుని లేచారు. లడ్డూలు, బూరెలు, కాజాలు, ఒక బకెట్టు చక్కెర పొంగలి. సన్నాయివాళ్లు వాయిస్తూ ముందు నడిచారు. ఫోటోగ్రాఫరు కొత్త దంపతుల్ని అరుంధతీ నక్షత్రం వైపు వేలు చూపిస్తూ నిలబెట్టి వదిలేసి వచ్చాడు. వాళ్లు కాసేపు అలాగే పగటి ఆకాశంలోకి వేలు చూపించి, వాళ్లూ వచ్చారు.

గేటు ముందు నేనొక్కణ్ణి నిలబడ్డాను. ఎదురుగా రెండు వంశాలు, చేతిలో మిఠాయి. మూడు నెలల గడ్డి ఒక్క గంటలో పోతుంది. డాక్టరమ్మ చెప్పిన మాట, ఓనరు చూసిన గేటు రెండూ గుర్తొచ్చాయి. అడ్డుకుంటే బుకింగులు పోతాయి, అడ్డుకోకపోతే తాబేలు పోతుంది. ఏది పోయినా వెనకాల నేను పోతాను.

"తియ్యి బాబూ తాళం" అన్నాడు గురుస్వామి.

"తాళంచెవి..." అన్నాను.

"జేబులో ఉన్నాది" అన్నాడు ఓనరు, వెనక నుంచి. చెప్పులు విప్పుకుని, చేతిలో కాజా పట్టుకుని నిలబడి ఉన్నాడు.

సరిగ్గా అప్పుడు జనంలోంచి డాక్టరమ్మ తోసుకుంటూ వచ్చింది. ఆ రోజు పరీక్షకు రమ్మని నేనే పిలిచాను. పెళ్లి గొడవలో మరిచిపోయాను. సన్నాయి ఆగింది.

"ఏమిటిదంతా?"

"దీక్షా విరమణ అండీ" అన్నాను నేల చూస్తూ.

ఆమె కాషాయం గుడ్డను, మాలను, బోర్డును, చివరికి నన్ను చూసింది. "నేను రాసింది పథ్యం. దీక్ష ఎవరు రాశారు?"

నేను తాళం తీశాను. "ముందు చూడనివ్వండి, తరువాత మీ ఇష్టం" అని లోపలికి వచ్చింది. కళ్లు చూసింది, నోరు చూసింది, నడిపించి చూసింది. మొదటిసారి వచ్చినప్పుడు దానికి లేచే ఓపికే లేదు, ఎత్తి చూడలేదు. ఇప్పుడు మేస్త్రి ఒక వైపు, నేనొక వైపు పట్టుకుని లేపాం. ఆమె వంగి కింద చూసింది. తోక పట్టుకుని చూసింది. మళ్లీ వంగి చూసింది.

"బాగుంది. చాలా బాగా కోలుకుంది" అంది చేతులు తుడుచుకుంటూ. "ఇంతకీ దీన్ని అల్లుడని ఎవరన్నారు? తోక ఇంత పొట్టిగా ఉంది, పొట్ట బల్లపరుపుగా ఉంది. ఇది ఆడది."

మేస్త్రి చేతుల్లోంచి తాబేలు జారబోయింది, నేను పట్టుకున్నాను. నెమ్మదిగా కింద పెట్టాం.

ఉత్తరాంధ్రలో ఒక పెళ్లి అంత నిశ్శబ్దంగా ఉండటం నేను ఆ ఒక్కరోజే చూశాను.

"అంటే..." అన్నాడు మేస్త్రి, "అల్లుడు కాదా? కోడలా?"

ఆ మాట జనంలోకి పాకింది. కోడలంట. కోడలంట గదా. ఎత్తిన లడ్డూలు మెల్లగా దిగాయి. పెళ్లికొడుకు తల్లి, ఒంటి నిండా పట్టుచీర, ముందుకు వచ్చి కంచె మీద నుంచి తాబేలును పై నుంచి కింది దాకా చూసింది. పెళ్లిచూపుల్లో కూడా ఆమె ఇలాగే చూసి ఉంటుంది.

"కోడలికి ఇంతమంది మగోల్ల ముందల లడ్డూలెట్టీడం ఏటి? మా కాలంలో ఆఖరి పంక్తిలో మిగిలింది తినీవోలం."

"గడ్డి తింటాదంటన్నారు గదా వొదినా" అంది పక్కనున్నావిడ.

"మంచిదే. అలవాటు పడాల."

గురుస్వామి గొంతు సవరించుకున్నాడు. మొదటిసారి మామూలు గొంతుతో, "సరే లెండి, విరమణకి తులసాకు సాలు" అన్నాడు. ఒక ఆకు తుంచి పెట్టాడు. కోడలు తింది. గుంజ మీద మాల తీసి ఆయన సంచిలో వేసుకున్నాడు. జనం వెనక్కి తిరిగారు. సన్నాయి మళ్లీ మొదలైంది. ఓనరు చేతిలోని కాజా తనే తినేసి, చెప్పులు వేసుకున్నాడు.

డాక్టరమ్మ చదువు, నా తెలివి, దీక్ష మహిమ కలిసి చేయలేని పని ఒక పొట్టి తోక చేసింది. ఆ తరువాత ఎన్ని పెళ్లిళ్లు జరిగినా ఆ దొడ్డిలో ఒక్క లడ్డూ పడలేదు. బోర్డు తీసేశాను, తాళం తీసేశాను. చూడటానికి వచ్చేవాళ్లు వస్తూనే ఉన్నారు. ఇప్పుడు తిండి బదులు సలహాలు పెడుతున్నారు. అల్లుడుగా ఉన్నప్పుడు మధ్యాహ్నం పడుకుంటే "పాపం, అలిసిపోయేడు" అనేవారు. కోడలయ్యాక "ఇంకా లెగలేదేటి?" అంటున్నారు. నడక కూడా నెమ్మదిగా ఉందని ఒకావిడ కంప్లయింటు చేసింది. తాబేలు మీద.

ఓనరు కంగారుపడి వాస్తు ఆయనకు ఫోను చేశాడు. ఆడదైతే లక్ష్మే, ఇంకా మంచిదన్నాడాయన. మగదైతే ఏమనేవాడో మనకు ముందే తెలుసు. నా ఉద్యోగం నిలబడింది. మేస్త్రి మాత్రం ఆకు మీద పువ్వు పెట్టడం మానేశాడు. గంపతో గడ్డి తెచ్చి కుమ్మరించి, "తినీసి పనిసూసుకో" అని వెళ్లేవాడు. గడ్డి మంచిదే, వేళకే వచ్చేది. నేను తప్పుపట్టడానికి ఏమీ లేదు.

ఒకరోజు పొద్దున్న త్వరగా వెళ్లాను. దొడ్డిలో చీపురు గోడకు ఆనించి ఉంది. అప్ప నేల మీద కూర్చుని, కొంగు ముడి విప్పి, అందులోంచి లేత మందారాకులు ఒక్కొక్కటే తీసి తాబేలు నోటికి అందిస్తోంది.

"తిను. ఇంకోటి తిను. సిగ్గుపడకు."

నేను వెనక నిలబడి, "అప్పా, ఎప్పుడూ పెట్టనిదానివి, ఇదేమిటి?" అన్నాను.

ఆమె తిరిగి చూడలేదు. "అల్లుడైతే ఎవులైనా పెడతారు బాబూ. కోడలికి ఎవులు పెడతారు?"

"ఎక్కువ పెట్టకు మరి."

"ఆకులే గదా. దాక్టరమ్మ తినమన్నవే. వాటిక్కూడా సాలు అనీసీవోలుంటారేటి?" అని ఇంకొకటి తీసింది. "అదిగో, ఇంకొక్కటి. నా మాటకి."

తాబేలు ఆ ఒక్కటీ తింది. తిన్నాక మొహం లోపలికి పెట్టుకోలేదు. మెడ చాపి, కొంగు వైపు చూస్తూ నిలబడింది.